విశాలాక్షి చేతిరాత

విశాలాక్షి చేతిరాత గురించి ముందే చెప్పేయాలి. తరవాత జరిగినదంతా దాని వల్లే జరిగింది.

మిర్యాలగూడ పక్కన ఆమె చదివిన ఇంజనీరింగ్ కాలేజీలో సగం క్లాసు ల్యాబ్ రికార్డులు ఆమే రాసేది. ఎవరైనా వచ్చి "విశాలా, రేపే సబ్మిషన్, ప్లీజే" అంటే చాలు, కాదనడం చేతనయ్యేది కాదు ఆ పిల్లకు. ఎడమ పేజీలో పెన్సిలు బొమ్మ, కుడి పేజీలో నీలం సిరా. గీత దాటదు, కొట్టివేత ఉండదు. ఒక్క కొట్టివేత పడితే పేజీ మొత్తం చింపి మళ్లీ రాయాల్సిందే, అది అక్కడి రూలు. రాసేది ఏ ప్రయోగమో, అందులో ఏముందో ఆమెకు పట్టేది కాదు. సీరియల్ చూస్తూ రాసేది, అమ్మతో కబుర్లాడుతూ రాసేది, కునికిపాట్లు పడుతూ కూడా రాసేది. చదివేవాళ్లు మాత్రం ఎవరున్నారు గనక! లెక్చరరు పేజీ తిప్పుతాడు, ఎర్ర పెన్నుతో అడుగున గిలుకుతాడు, ఇంకో పేజీ తిప్పుతాడు. ఏడాది చివర్లో అవన్నీ మూటగట్టి పాత కాగితాలవాడికి వేసేస్తారు. ఒకసారి మిర్చి బజ్జీల మీద పందెం కట్టి, స్నేహితురాలు కావ్యశ్రీ రికార్డులో ప్రయోగం మధ్యన పులిహోర చేసే పద్ధతి మొత్తం రాసింది. చింతపండు నానబెట్టడం దగ్గర్నుంచి ఇంగువ దాకా. దానికీ సంతకం పడింది, పదికి తొమ్మిది మార్కులూ పడ్డాయి. రికార్డనేది రాయడానికే గానీ చదవడానికి కాదని ఆ రోజుతో ఇద్దరికీ రూఢి అయిపోయింది.

ఆ ఇద్దరూ కలిసే కెనడా వచ్చారు, 2022 జనవరిలో. విమానం నిండా తమలాంటివాళ్లే. ఊరగాయ డబ్బాలు, ప్రెషర్ కుక్కర్లు, ఆఫర్ లెటర్ల ఫైళ్లు. కాలేజీ నార్త్ యార్క్‌లో. సీటు దొరికినంత తేలిగ్గా గది దొరకదని దిగాక తెలిసింది. పదకొండు వారాలు తిరిగారు. ఒకరింట్లో హాలులో వారం, ఇంకొకరి వంటగది పక్కన పది రోజులు, సాత్విక అనే సీనియర్ సోఫా మీద వంతులవారీగా ఒక నెల. ఇంకా ఎన్నాళ్లుంటారని మొహం మీదే అడిగినవాళ్లు కొందరు, అడగకుండా ఫ్రిజ్ తలుపు దడాలున వేసినవాళ్లు కొందరు. మొదట్లో విశాలాక్షి బాత్రూంలో కుళాయి తిప్పి ఏడ్చేది. ఆరో వారానికి ఏడుపు ఆగిపోయింది. ధైర్యం వచ్చి కాదు, లోపలేదో మొద్దుబారిపోయింది. పళ్ల డాక్టరు సూది పొడిచాక బుగ్గ ఉంటుందే, అలాగ.

చివరికి నార్త్ యార్క్ పక్కనే ఉన్న వాన్ అనే ఊళ్లో దొరికింది. మల్లికార్జున్ గారని మనవాడే, కిచెనర్ అనే ఊళ్లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. వాన్‌లో ఉన్న ఇంటి పై భాగాన్ని ఒక కుటుంబానికి, బేస్‌మెంటును ఆరుగురు అమ్మాయిలకి ఇచ్చాడు. తాళంచెవి చేతిలో పెడుతూ షరతులు వరసగా చెప్పాడు.

"పక్క డోర్ నుంచే రావాలమ్మా, ఒక్కొక్కరుగా. బయట చెప్పులు కనబడొద్దు. ముందు వైపు నిలబడి ఫోన్లు మాట్లాడొద్దు. ఎవరన్నా అడిగితే కజిన్స్ అని చెప్పండి. సిటీ పర్మిషన్ లేదు దీనికి. వాళ్లు వచ్చారంటే మీకూ ఉండదు, నాకూ ఉండదు."

కింద ఒక పెద్ద గది, మధ్యలో దుప్పట్లతో కట్టిన తెరలు. ఉన్నది ఒకటే కిటికీ, అదీ సూట్‌కేసంత. అందులోంచి గడ్డి వేళ్లు, నడిచేవాళ్ల బూట్లు కనిపిస్తాయి. విశాలాక్షి మంచం ఫర్నేస్ పక్కన. ఇల్లంతటికీ వేడి పంపే ఆ యంత్రం రోజంతా గురగురలాడేది. మిగతావాళ్లు వద్దన్న చోటు అది. ఆమెకు మాత్రం అక్కడే నిద్ర పట్టింది. వేర్‌హౌసులో పొద్దున షిఫ్టు, మధ్యాహ్నం క్లాసులు, ఆపైన ఆ మంచం. మళ్లీ చలికాలంలో సోఫాలు వెతుక్కుంటూ తిరిగే ఓపిక తనకు లేదని ఆమెకు బాగా తెలుసు. మంచం ఉంటే కెనడాలో ఉంటుంది, మంచం పోతే ఏమవుతుందో ఆలోచించడానికి కూడా భయపడేది.

వినాయక చవితికి కమ్యూనిటీ సెంటర్‌లో పూజ పెడితే ఇద్దరూ వెళ్లారు. భక్తితో కాదు, అన్నం కోసం. అక్కడ జనార్ధనరావు గారు మైకు పట్టుకున్నారు. తెనాలి నుంచి అమెరికా వెళ్లి, అక్కణ్నుంచి ఇక్కడికి వచ్చి పద్దెనిమిదేళ్లయిన ఆయన, అక్టోబరు ఇరవై నాలుగున జరిగే సిటీ ఎన్నికల్లో వార్డు కౌన్సిలర్‌గా నిలబడుతున్నారు. "మన వార్డుకి మన గొంతు కావాలి. మన పిల్లలంతా నాకు తోడుండాలి" అన్నారు. మన పిల్లలకు ఓటు లేదన్న సంగతి అందరికీ తెలుసు. కానీ కాళ్లున్నాయి కదా, ఇల్లిల్లూ తిరగడానికి.

"వాలంటీర్ ఎక్స్‌పీరియెన్స్ అమ్మా, రెజ్యూమెలో వేసుకోవచ్చు" అన్నారు ఆయన విశాలాక్షితో. ఆయన భార్య కమలకుమారి గారు పక్కనుంచి, "ఆదివారాలు మా ఇంట్లోనే భోజనం. దోసకాయ పప్పు, గోంగూర చేస్తాను, సరేనా?" అన్నారు. దోసకాయ పప్పనగానే కావ్యశ్రీ మోచేత్తో పొడిచింది. విశాలాక్షి సరేనంది. ఆ ఏడాదంతా ఆమె దేనికీ కాదనలేదు.

రెండో ఆదివారానికే కావ్యశ్రీ మానేసింది. "ఓటు లేదు, జీతం లేదు, ఏందే మనకీ తిప్పలు? పప్పు నేనే వండుకుంటా పో" అని దుప్పటి ముసుగేసింది. విశాలాక్షి ఒక్కతే వెళ్లింది, అట్టకు బిగించిన కాగితాలతో. ప్రతి కాగితంలోనూ గడులు. ఇంటి నంబరు, మద్దతిస్తారా లేదా, చివర్లో వాళ్ల సమస్య.

"వాళ్లేం చెబితే అదే రాయమ్మా. మన అభిప్రాయం ఒక్క ముక్క కూడా కలపొద్దు" అని జనార్ధనరావు గారు ఒకటికి రెండుసార్లు చెప్పారు. ఆ పనిలో విశాలాక్షిని మించినవాళ్లెవరు! మొదటి రోజు కాగితాలు చూసి ఆయన కళ్లద్దాలు పైకి జరుపుకున్నారు. "ఏం రాతమ్మా ఇది, అచ్చేసినట్టుంది. కమలా, ఇలా రా, చూడు" అని వంటింట్లోంచి ఆవిణ్ని పిలిచి మరీ చూపించారు.

సెప్టెంబరంతా తలుపులు కొట్టింది. నల్ల జుట్టు, గోధుమ రంగు మొహం కనబడగానే పార్సిలు తెచ్చిందనుకుని చెయ్యి చాపినవాళ్లున్నారు. తెలుగువాళ్ల ఇళ్లలో పిల్లలు తలుపు తీసి ఇంగ్లీషులో "డాడ్ ఈజ్ ఆన్ ఎ కాల్" అని మూసేసేవారు. తీరిగ్గా మాట్లాడింది ఇటాలియన్ ముసలివాళ్లే. గ్యారేజీల్లో టమాటా రసం సీసాలకు పడుతూ, ఎర్రబడ్డ చేతులతోనే బయటికి వచ్చి సమస్యలు చెప్పేవారు. కార్లు జోరుగా పోతున్నాయి. బాతులు పచ్చిక పాడుచేస్తున్నాయి. ఆ తరవాత గొంతు తగ్గించి, ఫలానా ఇంటి కింద స్టూడెంట్లను కుక్కేశారు, లైసెన్సు లేదు, చూసేవాళ్లు లేరు అనేవారు. ఇంటి నంబరు కూడా చెప్పేవారు. ఆమె రాసేది. తనలాంటివాళ్ల గురించే అంటున్నారని తెలుసు. తెలిసినా ఏమీ అనిపించేది కాదు. సమస్య గడి ఉన్నది సమస్య రాయడానికి, రాసింది, అంతే.

అలా రాసుకుంటూ పోతే ఒక ఆదివారం వాళ్ల వీధి వచ్చింది.

ఎదుటింటి ఆవిడ పేరు సిల్వానా. ఎనభై దాటాయి, ఒంటరి మనిషి. విశాలాక్షి ఆవిణ్ని ఎప్పుడూ చూడలేదు, ఆవిడ బూట్లను మాత్రం కిటికీలోంచి చూసింది. పొట్టి మడమల గోధుమ రంగు బూట్లు. సిల్వానా లోపలికి వెళ్లి రెండు అంజూరపు పళ్లు తెచ్చి చేతిలో పెట్టింది, తన చెట్టువే. వచ్చీరాని ఇంగ్లీషులో మొగుడి సంగతి, మోకాలి నొప్పి సంగతి చెప్పి, ఆ తరవాత విశాలాక్షి భుజం మీదుగా వేలు చూపించింది.

"ఆ ఇల్లు చూశావా, అరవై రెండు? కింద ఆడపిల్లలుంటారు. పక్క తలుపులోంచి ఒక్కొక్కరే వస్తారు, దొంగల్లాగ. ఆరుగురో ఏడుగురో. అందరికీ కలిపి ఒకటే చెత్త డబ్బా. అది పొర్లి నా వాకిట్లోకి ఎగిరొస్తుంది. రాసుకో, నీ మనిషికి చెప్పు."

విశాలాక్షి వెనక్కి తిరిగి చూడలేదు. చెయ్యి రాసేసింది. నంబరు అరవై రెండు, బేస్‌మెంటులో ఆరేడుగురు అమ్మాయిలు, పక్క తలుపు, చెత్త. ఎప్పటిలాగే ఒద్దికగా, గీత మీద నిలబెట్టి రాసింది. రాసి, ఆవిడకు థాంక్యూ చెప్పి, నాలుగిళ్లు దాటాక కాళ్లు ఆగాయి. అట్ట ఎత్తి చూసుకుంది. పైనుంచి కింది దాకా కొట్టివేత లేని పేజీ. ఆ ఒక్క వరస కొట్టేస్తే పోయేది. పెన్ను మూత తీసింది కూడా. కానీ కొట్టేస్తే పేజీ అసహ్యంగా ఉంటుంది, మళ్లీ మొత్తం రాయాలి, ఎందుకొచ్చిన గొడవ అనిపించింది. ఎవరు చదువుతారులే! ఆయన పేజీలు తిప్పుతాడు, బాగుందమ్మా అంటాడు, ఎన్నికలయ్యాక మూటగట్టి పారేస్తాడు. మూత పెట్టేసి ఐదో ఇంటి బెల్లు నొక్కింది. అంజూరపు పళ్లు తియ్యగానే ఉన్నాయి.

చదివేవాడు ఒకడు దొరికాడని అక్టోబరు రెండోవారంలో తెలిసింది.

లైబ్రరీ హాలులో అభ్యర్థులందరితో సభ పెట్టారు. విశాలాక్షి వెనక వరసలో కూర్చుంది. జనార్ధనరావు గారి వంతు వచ్చింది. బూడిద రంగు సూటు, నున్నగా గీసుకున్న గడ్డం. ఆయన కాగితాల కట్ట ఒకటి పైకెత్తి, "నేను మీ తలుపులు తట్టాను. మీరు చెప్పింది విన్నాను. ఈ వార్డులో ప్రమాదకరమైన బేస్‌మెంట్లు పదిహేడున్నాయని మీరే చెప్పారు. ఇదిగో లిస్టు. నేను గెలిచేదాకా ఆగలేదు, సోమవారమే సిటీకి పంపించాను" అన్నారు ఇంగ్లీషులో. ముసలివాళ్లంతా చప్పట్లు కొట్టారు. అంత దూరంనుంచి కూడా విశాలాక్షి తన నీలం సిరాను గుర్తుపట్టింది.

సభ అయ్యాక పార్కింగులో ఆయన కారు దగ్గర నిలబడింది.

"అంకుల్, ఆ లిస్టులో అరవై రెండుంది. అది మాదే. మేముండేది అక్కడే."

ఆయన మొహం నిజంగానే వాడిపోయింది. చెడ్డవాడు కాదు మరి. "అయ్యయ్యో! అది మల్లికార్జున్ ఇల్లా? అదేంటి తల్లీ, నీ ఇల్లు నువ్వే రాశావా?"

"వాళ్లేం చెబితే అది రాయమన్నరు కదా అంకుల్."

"అన్నాననుకో..." అని ఆయన కారు తాళాలు చేతిలో తిప్పారు. "మిగతా వాలంటీర్లవి కూడా పంపిద్దామనుకున్నానమ్మా. కోడిగీతలు, ఒక్క అక్షరం అర్థం కాలేదు. చదవడానికి వీలుగా ఉన్నవి నీ షీట్లే, స్కాన్ చేసి అవే పెట్టాను. ఇప్పుడు వెనక్కి తీసుకుంటే బాగోదు. అయినా మీ సేఫ్టీ కోసమే కదా ఇదంతా. రేపు నిప్పంటుకుంటే బేస్‌మెంటు కిటికీలోంచి దూరగలవా నువ్వు?"

"దూరలేను" అంది విశాలాక్షి. అది నిజం.

"మరి! ఓటున్నది వాళ్లకమ్మా, వాళ్ల మాట వినకపోతే నేనెలా గెలుస్తాను? మీకూ వస్తుంది ఓటు. పీఆర్ రానీ, సిటిజెన్‌షిప్ రానీ, అప్పుడు మీ మాటా వింటాం. నేను గెలిచాక ఏదో ఒకటి చూద్దాం, కంగారుపడకు."

కమలకుమారి గారు కారు దిగి, గోంగూర పచ్చడి డబ్బా ఆమె చేతిలో పెట్టి, చెయ్యి నొక్కారు. ఆ నొక్కడంలో ఉన్న జాలికి ఇంకో రోజైతే విశాలాక్షి ఏడ్చేసేది.

బేస్‌మెంటులో చెప్పాలనుకుంది. ఆ వారం కావ్యశ్రీకి జ్వరం. పై వారం మిడ్‌టర్మ్‌లు. ఆపైన చెప్పకపోవడమే అలవాటైపోయింది. మెయిలు పంపితే మాత్రం చూసేదెవరు, ఎక్కడైనా ఆఫీసు ఆఫీసే కదా అని తనకు తానే చెప్పుకునేది. ఫర్నేస్ గురగురలాడుతుంటే దాని వైపు తిరిగి పడుకునేది.

ఎన్నికల రోజే దీపావళి కూడా వచ్చింది. ఓటర్లకు గుర్తుచేసి పంపే పని ఆ రోజు వాలంటీర్లది. ఆయన మీద కోపమొచ్చి మానేయొచ్చు కదా అని ఎవరైనా అనొచ్చు. కోపం రాలేదు మరి. చెప్పిన టైముకి చెప్పిన వీధికి వెళ్లింది. సిల్వానా అప్పటికే కోటు తొడుక్కుని వాకిట్లో నిలబడి ఉంది.

"ఒక్కదాన్నే నడవలేను, తీసుకెళ్తావా?" అంది.

పోలింగు జరిగే బడి దాకా ఆవిడ చెయ్యి పట్టుకుని నడిపించింది. మోకాలి నొప్పి మనిషి, రెండు వీధులకు ఇరవై నిమిషాలు పట్టింది. దారి పొడుగునా పచ్చిక మీద పాతిన బోర్డులు, వాటి మీద జనార్ధనరావు గారి నవ్వు. పోలింగు గది గుమ్మం దగ్గర ఒకాయన మర్యాదగా, "మీరూ ఓటరేనా?" అని అడిగాడు. కాదంది. అయితే ఇక్కడే ఆగమన్నాడు. ఆగింది. గోడ మీద చిన్నపిల్లలు రంగుకాగితాలతో చేసిన ప్రమిదలు అతికించి ఉన్నాయి. అవి లెక్కపెడుతూ నిలబడింది.

సిల్వానా బయటికొచ్చి సంతోషంగా చెయ్యి పట్టుకుంది. "మీ మనిషికే వేశాను. ఆ చెత్త సంగతి పట్టించుకున్నది అతనొక్కడే." నాలుగడుగులు వేశాక అడిగింది, "నువ్వెక్కడుంటావు బంగారూ?"

"దగ్గర్లోనే" అంది విశాలాక్షి.

"మంచిది. నీలాంటి పిల్లలు ఎదురింట్లో ఉంటే నాకు ఏ బెంగా ఉండేది కాదు."

ఆవిణ్ని ఇంట్లో దిగబెట్టింది. ఆవిడ తలుపు వేసుకునేదాకా చెట్టు చాటున ఆగి, అప్పుడు రోడ్డు దాటి పక్క తలుపులోంచి లోపలికి వెళ్లింది. కావ్యశ్రీ ఎలక్ట్రిక్ దీపాల తీగ కిటికీకి కట్టి, "హ్యాపీ దివాలీ మేడమ్, గెలుస్తున్నడా మీ అంకుల్?" అని ఎగతాళి చేసింది.

అంకుల్ గెలవలేదు. రెండొందల చిల్లర ఓట్లతో ఓడిపోయారు. వాట్సాప్‌లో దండం బొమ్మతో అందరికీ థాంక్స్ చెప్పారు. వాలంటీర్లంతా బోర్డులు పీకి ఆయన గ్యారేజీలో పేర్చారు, విశాలాక్షి కూడా. బస్సులు తరచుగా వేయిస్తానన్నారు, అది పోయింది. స్టూడెంట్లకు హెల్ప్ డెస్క్ అన్నారు, అదీ పోయింది. ఆయన ఇచ్చిన మాటల్లో ఆయన ఓడినా పని చేసినది ఒక్కటే మిగిలింది. అది నవంబరు మూడోవారంలో, మంచు సన్నగా పడుతున్న మధ్యాహ్నం, బేస్‌మెంటు పక్క తలుపు తట్టింది.

వచ్చినాయన సిటీ ఇన్‌స్పెక్టరు. నడివయసు, మెత్తని మాట. ముందే టైము చెప్పి వచ్చాడు. దాంతో మల్లికార్జున్ గారు కిచెనర్ నుంచి ఫోన్ మీద ఫోన్ చేసి, "కజిన్స్ అని చెప్పండమ్మా, అందరూ ఒకటే మాట మీద ఉండండి" అని ప్రాణం తీశాడు. ఆ సమయానికి ఇంట్లో ఉన్నది విశాలాక్షి, కావ్యశ్రీ. ఆయన మంచాలు చూశాడు, తెరలు చూశాడు, కిటికీని టేపుతో కొలిచాడు. ఫర్నేస్ పక్కనున్న మంచం దగ్గర చాలాసేపు నిలబడ్డాడు.

"ఇక్కడెవరు పడుకుంటారు?"

"నేను" అంది విశాలాక్షి.

ఆయన తలూపి, నెమ్మదిగా చెప్పాడు. ఇది మనుషులు పడుకునే చోటు కాదు, ఓనరుకు నోటీసు వెళ్తుంది, రెండు వారాల్లో ఖాళీ చేయాలి. చెబుతున్నంతసేపూ ఆయనకే ఇబ్బందిగా ఉన్నట్టుంది.

కావ్యశ్రీ మొహం ఎర్రబడింది. "రెండు వారాల్ల యాడికి పోతమే? డిసెంబర్ల ఎవడిస్తడు రూమ్?" అని తెలుగులో విశాలాక్షితో అని, ఆయన వైపు తిరిగి ఇంగ్లీషులో, "ఎవరు కంప్లైంట్ ఇచ్చింది? ఆ ఎదురింటి ముసలామెనే కదా?" అంది.

"ఎవరన్నది చెప్పకూడదు" అన్నాడాయన. మాట మార్చడానికే కావచ్చు, చిన్నగా నవ్వి, "ఒకటి మాత్రం చెప్పగలను. ఇరవై రెండేళ్ల సర్వీసులో ఇంత చక్కటి చేతిరాతతో నాకు కంప్లైంట్ రాలేదు. అన్నీ ఇలాగే వస్తే పైనుంచి కింది దాకా చదువుతాను" అన్నాడు.

ఫారమొకటి తీసి అట్టకు బిగించి, ఇక్కడుండేవాళ్లందరి పేర్లూ రాసివ్వమన్నాడు. అట్ట విశాలాక్షి చేతికే వచ్చింది. కావ్యశ్రీ పక్కనే నిలబడి చూస్తోంది. ఒకటి, కావ్యశ్రీ. రెండు, మూడు, నాలుగు, ఐదు. వంకరగా రాయాలని గట్టిగానే ప్రయత్నించింది విశాలాక్షి. చెయ్యి వినలేదు. ఆరోది తన పేరు. గీత దాటలేదు, కొట్టివేత లేదు.

ఆయన ఫారం తీసుకుని ఫైల్లో పెట్టబోయాడు. ఫైలు తెరవగానే పైన స్కాన్ చేసిన కాగితం ఉంది. ఒక క్షణం ఆ కాగితం, ఈ ఫారం పక్కపక్కన ఉన్నాయి. ఆయన రెండింటినీ చూశాడు. విశాలాక్షిని చూశాడు. ఫైలు మూసేసి, చలి జాగ్రత్త అని చెప్పి, మెట్లెక్కి వెళ్లిపోయాడు.

కానీ కావ్యశ్రీ కూడా చూసింది. నాలుగేళ్లు తన రికార్డులన్నీ ఏ చేతి రాతతో నిండాయో, పులిహోరతో సహా, ఆమెకు తెలియదా?

"విశాలా" అంది.

"నేనే రాసిన" అంది విశాలాక్షి. "ఎవరూ చదవరనుకున్ననే."

ఆ మాట బయటికి వచ్చాక, అంతకాలం మొద్దుబారి ఉన్నది ఒక్కసారిగా సలపడం మొదలుపెట్టింది. ఏడుపొచ్చింది. పెద్దగా, సిగ్గులేకుండా, ఫర్నేస్ చప్పుడును మించి ఏడ్చింది. కావ్యశ్రీ తిట్టలేదు, ఓదార్చనూ లేదు. వంగి, మంచం కింద ఉన్న ఇద్దరి సూట్‌కేసులూ బయటికి లాగింది. ముందు విశాలాక్షిదే తెరిచి, ఆమె బట్టలు మడతపెట్టి సర్దడం మొదలుపెట్టింది.